జీతం ఆగింది, గడువు ఆగదు



ఈ నెల నేను వంటల గురించో పండుగల గురించో రాయడం లేదు. జీతాల గురించి రాస్తున్నాను. మన జీతాలు కాదు, ఊళ్ళో కాలేజీల్లో పాఠాలు చెప్పే మన పిల్లల జీతాలు. కొంచెం పొడుగ్గానే ఉంటుంది. శుక్రవారం తీరిగ్గా చదవండి. మీ ఇంట్లో లెక్చరర్‌గా చేసే కూతురో, కోడలో, చెల్లెలో ఉంటే వాళ్ళకు తప్పకుండా పంపండి.

కారులో వచ్చిన ఫోన్

అమ్ఘరా మీలో చాలామందికి తెలుసు. జహ్రా వైపు తుక్కు ఇనుము గుట్టలు, పాత కార్ల డొక్కులు, గోడౌన్లు, పోర్టా క్యాబిన్లు. ఆడవాళ్ళు పెద్దగా కనిపించని చోటు. మా ఆయన అక్కడ ఒక గోడౌన్‌లో స్టోర్‌కీపర్. పక్కనున్న స్క్రాప్ యార్డులో రాజంపేట వైపు ఆయన ఒకరు పనిచేస్తారు. ఆయన భార్య సాద్ అబ్దుల్లాలో కోయటోళ్ళ ఇంట్లో పని. శుక్రవారం ఆమెకు సెలవు దొరికితే మా కారులో ఎక్కించుకుని అమ్ఘరాకు తీసుకుపోతాం. మగవాళ్ళు షెడ్డు నీడలో మాట్లాడుకుంటారు. మేమిద్దరం కారులో ఏసీ వేసుకుని, ఇంటి దగ్గర నుంచి తెచ్చుకున్న పులిహోర తింటూ కబుర్లు చెప్పుకుంటాం.

ఒక శుక్రవారం మేం అట్లా కూర్చుని ఉంటే వాళ్ళ అమ్మాయి ఫోన్ చేసింది. స్పీకర్లో ఉంది కాబట్టి నాకూ వినిపించింది.

"అమ్మా, ఈ నెల కూడా పడలే."

"యా నెలది పాపా?"

"యా నెలదీ కాదమ్మా. ఏడు నెల్లయింది."

అక్క ముఖం చూడలేకపోయాను. "మా పాప ఎంటెక్ చేసింది, ఇంజనీరింగ్ కాలేజీలో అసిస్టెంట్ ప్రొఫెసరు" అని నాకు ఎన్నిసార్లు చెప్పిందో లెక్కలేదు. ఆ పాప జీతం నెలకు 28,000. ఏడు నెలలంటే 1,96,000. ఈ ఏడు నెలలూ అక్క తన 120 దినార్ల జీతంలోంచి నెలకు 40 దినార్లు ఆ పాపకే పంపుతోంది. గది అద్దెకు, బస్సుకు, మెస్సుకు.

ఫోన్ పెట్టేశాక అక్క అన్న మాట ఇది: "అరవై మంది పిల్లోళ్ళకు సదువు జెప్పే పాపకు నేను ఈడ అంట్లు తోమి జీతమిస్తాండా చెల్లీ. మరి ఆ కాలేజీ ఏమిస్తాండాది?"

ఆ ప్రశ్నకు జవాబు వెతుకుతూనే ఇది రాశాను.

నా 70,000 సంగతి

ముందు నా సంగతి చెప్పుకోవాలి. నేనూ ఒకప్పుడు లెక్చరర్నే. ఎంసీఏ చేసి ఒక ప్రైవేట్ డిగ్రీ కాలేజీలో కంప్యూటర్స్ చెప్పేదాన్ని. నెలకు 14,000. 2014 డిసెంబరు నుంచి 2015 ఏప్రిల్ దాకా 5 నెలలు జీతం రాలేదు. మే నెలలో నాకు వీసా వచ్చింది. వెళ్ళే ముందు కరస్పాండెంట్ గారి గదికి వెళ్ళి అడిగాను. "నువ్వెట్లాగూ కువైట్ పోతున్నావు కదమ్మా, నీకిదో లెక్కా" అన్నారు. ఏమనాలో తోచక నవ్వి వచ్చేశాను. ఒక్క కాగితం రాసివ్వలేదు. 2018 ఆగస్టులో సెలవుకు వెళ్ళినప్పుడు తెలిసిన లాయరు గారిని అడిగితే, "మూడేళ్ళు దాటిపోయిందమ్మా, ఇప్పుడు దావా నిలవదు" అన్నారు.

70,000 పోయింది. డబ్బుకంటే నాకు బాధ కలిగించింది ఇంకొకటి: గడువు ఒకటి ఉంటుందని కూడా నాకు తెలియకపోవడం. ఎంసీఏ చదివాను, వందల మందికి పాఠాలు చెప్పాను. నా జీతం గురించిన చట్టం మాత్రం తెలియదు.

అక్కకు తెలుసు! చదువు ఐదో తరగతే అయినా తెలుసు. ఆమె ఇంతకుముందు పనిచేసిన ఇంట్లో 3 నెలలు జీతం ఆపారు. బకాలాలో ఇచ్చిన క్యాలెండరు మీద జీతం వచ్చిన నెలకు టిక్కు, రాని నెలకు సున్న పెట్టుకుంది. ఆ క్యాలెండరు తీసుకుని ఎంబసీకి పోయింది. ఫిర్యాదు రాయించుకుంది. తర్వాత ఆ మూడు నెలల డబ్బూ వచ్చింది. ఆ క్యాలెండరు ఇప్పటికీ ఆమె సూట్‌కేసులో ఉంది.

ఇక్కడి చట్టం ఏమంటుంది

కువైట్‌లో అన్నీ సవ్యంగా ఉన్నాయని నేను చెప్పను. ఫిర్యాదు చేస్తే పారిపోయిందని కేసు పెడతారేమోనన్న భయం ఎంతమందిని నోరు మూయించిందో మనకు తెలియదా? అయినా కాగితం మీద చట్టం ఏముందో తెలుసుకోవాలి.

అమ్ఘరా యార్డుల్లో, గోడౌన్లలో 18 నంబరు వీసా మీద ఉన్నవాళ్ళకు వర్తించేది 2010 నాటి 6వ నంబరు కార్మిక చట్టం. నెల జీతం ఇవ్వాల్సిన రోజు నుంచి 7 రోజులు దాటి ఆలస్యం చేయకూడదు. జీతం రాకపోతే ముందు లేబర్ ఆఫీసులో, అంటే మనవాళ్ళు షూన్ అని పిలిచే చోట, ఫిర్యాదు ఇవ్వాలి. వాళ్ళు రెండు వైపులా పిలిచి రాజీకి చూస్తారు. కుదరకపోతే కోర్టుకు పంపుతారు. కార్మికుడు కోర్టు ఫీజు కట్టనక్కర్లేదు. కానీ ఉద్యోగం ముగిసిన రోజు నుంచి ఒక సంవత్సరం లోపే కేసు వేయాలి.

ఇళ్ళల్లో పనిచేసే 20 నంబరు వీసా వాళ్ళకు 2015 నాటి 68వ నంబరు చట్టం ఉంది. వారానికో సెలవు, ఏడాదికి 30 రోజుల జీతంతో కూడిన సెలవు, పని మానేటప్పుడు ఏడాదికి ఒక నెల జీతం లెక్కన డబ్బు. జీతం ఆలస్యం చేస్తే ఆలస్యమైన ప్రతి నెలకు 10 దినార్లు అదనంగా ఇవ్వాలి. పాస్‌పోర్టు యజమాని తన దగ్గర పెట్టుకోకూడదు.

ఇంకో సంగతి గమనించండి. ఇక్కడ ప్రైవేట్ స్కూల్లో పాఠాలు చెప్పే టీచరుకు కూడా అదే 2010 చట్టం వర్తిస్తుంది. అమ్ఘరాలో క్రేన్ నడిపే మనిషికీ, స్కూల్లో లెక్కలు చెప్పే మేడమ్‌కీ జీతం ఆగితే వెళ్ళాల్సిన దారి ఒక్కటే.

మన దగ్గర టీచరు 'వర్కర్' కాదు

ఇప్పుడు మన దేశం సంగతి. ఇది చదివినప్పుడు నేను రెండుసార్లు చదివాను, నమ్మకం కలగక.

గోవాలో ఒక స్కూలు టీచరును ఉద్యోగం నుంచి తీసేశారు. ఆవిడ లేబర్ కోర్టు దారిలో వెళ్ళాలనుకుంది. ఆ గొడవ సుప్రీంకోర్టు దాకా పోయింది. 1988లో తీర్పు వచ్చింది. స్కూలు కూడా చట్టం దృష్టిలో 'పరిశ్రమ' కిందికే వస్తుంది, కానీ టీచరు మాత్రం 'వర్క్‌మన్' కాదు అన్నారు. ఎందుకంటే పాఠం చెప్పడం శారీరక పని కాదు, గుమాస్తా పని కాదు, సాంకేతిక పని కాదు, సూపర్‌వైజర్ పనీ కాదు. అదొక ఉన్నతమైన వృత్తి అన్నారు. టీచర్లకు కూడా రక్షణ కల్పించే చట్టం ఉంటే మంచిదని ప్రభుత్వానికి సలహా కూడా ఇచ్చారు.

గౌరవం దక్కింది, లేబర్ కోర్టు తలుపు మూసుకుంది. కాలేజీలో స్వీపరుకు జీతం ఆగితే లేబర్ ఆఫీసుకు పోవచ్చు. అదే కాలేజీలో లెక్చరరు పోతే, "మీరు మా పరిధిలోకి రారు మేడమ్" అని వెనక్కి పంపేవాళ్ళు. మన అమ్మాయిలకు ఎటు పోవాలో తెలియకపోవడానికి ఇదొక కారణం.

గ్రాట్యుటీ విషయంలోనూ ఇట్లాగే జరిగింది. టీచర్లకు గ్రాట్యుటీ చట్టం వర్తించదని 2004లో సుప్రీంకోర్టు అంది. అప్పుడు పార్లమెంటు 2009లో చట్టాన్ని సవరించి, 1997 ఏప్రిల్ 3 నుంచే టీచర్లకు వర్తించేటట్టు చేసింది. ప్రైవేట్ స్కూళ్ళ యాజమాన్యాలు దాని మీద మళ్ళీ కోర్టుకు వెళ్ళాయి. 2022 ఆగస్టులో సుప్రీంకోర్టు ఆ సవరణ సరైనదే అని తేల్చింది. అంటే 5 ఏళ్ళు పనిచేసి మానేసిన లెక్చరరుకు గ్రాట్యుటీ అడిగే హక్కు ఉంది. ఎంతమంది అడుగుతున్నారు? నాకు తెలిసినవాళ్ళలో ఒక్కరూ అడగలేదు.

అయితే దారే లేదా? ఉంది

మన మచిలీపట్నంలోనే ఒక కేసు పుట్టింది. శ్రీ వెంకటేశ్వర హిందూ ఇంజనీరింగ్ కాలేజీలో ల్యాబ్ అసిస్టెంట్లుగా రోజు కూలి లెక్కన పనిచేసేవాళ్ళు, ప్రభుత్వ ఉద్యోగులతో సమానంగా జీతం ఇవ్వాలని అడిగారు. ప్రైవేట్ కాలేజీ మీద రిట్ పిటిషన్ కుదరదని హైకోర్టు కొట్టేసింది. వాళ్ళు సుప్రీంకోర్టుకు పోయారు. 1997లో తీర్పు వాళ్ళ వైపు వచ్చింది. చదువు చెప్పడంలో ప్రజాప్రయోజనం ఉంది, కాబట్టి ప్రైవేట్ కాలేజీ ఉద్యోగులు కూడా హైకోర్టు తలుపు తట్టవచ్చు అని కోర్టు చెప్పింది. సమాన జీతానికి వాళ్ళు అర్హులేనని కూడా చెప్పింది. ల్యాబ్‌లో పనిచేసే ఆరేడుగురు మామూలు మనుషులు సాధించిన తీర్పు ఇది. దేశమంతా ఇప్పటికీ దాన్ని ఉదాహరణగా చూపిస్తారు.

అయితే 2022లో సుప్రీంకోర్టు దీనికి ఒక హద్దు గీసింది. ప్రైవేట్ విద్యాసంస్థకూ ఉద్యోగికీ మధ్య వచ్చే ప్రతి గొడవకూ రిట్ పనికిరాదు, ఆ గొడవ ప్రజావిధితోనో, చట్టంలో ఉన్న సర్వీసు నిబంధనతోనో ముడిపడి ఉండాలి అంది. కాబట్టి లాయరు గారు "రిట్ వేద్దాం" అంటే "ఏ నిబంధన కింద సార్?" అని అడగండి. మన రెండు రాష్ట్రాలకూ మూలమైన 1982 నాటి విద్యా చట్టం ప్రైవేట్ విద్యాసంస్థల ఉద్యోగుల సర్వీసు గురించి మాట్లాడుతుంది. యూనివర్సిటీ, ఏఐసీటీఈ నిబంధనలు కూడా ఉన్నాయి. ఏఐసీటీఈ 2019లో ప్రకటించిన స్కేలు ప్రకారం ఇంజనీరింగ్ కాలేజీ అసిస్టెంట్ ప్రొఫెసరు మూల వేతనం 57,700తో మొదలవుతుంది. మన పిల్లల చేతికి వచ్చే దానితో పోల్చి చూసుకోండి.

జీతం ఆపడానికి డబ్బుల్లేవన్న సాకు చెల్లదని చెప్పిన కేసు కూడా మన ఆంధ్రదే. 2020లో కరోనా మొదలైనప్పుడు రాష్ట్ర ప్రభుత్వం ఉద్యోగుల జీతాల్లో, పెన్షన్లలో కొంత భాగం తర్వాత ఇస్తామని ఆపింది. ఒక విశ్రాంత జిల్లా జడ్జి, ఆవిడ కూడా మహిళే, హైకోర్టులో పిల్ వేశారు. ఆపిన డబ్బు 12 శాతం వడ్డీతో ఇవ్వమని హైకోర్టు చెప్పింది. 2021 ఫిబ్రవరి 8న సుప్రీంకోర్టు వడ్డీని 6 శాతానికి తగ్గించింది కానీ, అసలు విషయంలో వెనక్కి తగ్గలేదు. చేసిన పనికి జీతం ఉద్యోగి హక్కు, ఆలస్యం చేస్తే వడ్డీ కట్టాలి అంది. అది ప్రభుత్వ ఉద్యోగుల కేసే. అయినా సర్కారుకే చెల్లని సాకు కాలేజీ కమిటీకి ఎందుకు చెల్లాలి?

2025 ఆగస్టులో గుజరాత్ ప్రభుత్వ ఇంజనీరింగ్ కాలేజీల్లోని కాంట్రాక్టు అసిస్టెంట్ ప్రొఫెసర్ల కేసు వచ్చింది. వాళ్ళకు ఇస్తున్నది నెలకు 30,000. రెగ్యులర్ వాళ్ళ కనీస స్కేలు ఇవ్వమని సుప్రీంకోర్టు ఆదేశించింది. సభల్లో గురువును దేవుడని శ్లోకాలు చదివితే సరిపోదు, దేశం టీచర్లను చూసే తీరులో కూడా అది కనిపించాలి అని కూడా అంది. ఆ మాట అక్కకు చెప్తే, "మా పాప కాలేజీలో గురుపూజోత్సవానికి శాలువా కప్పినారు, ఫొటో పంపించింది" అంది. అంతకన్నా ఏమీ అనలేదు.

కొత్తగా ఇంకొకటి వచ్చింది. 2025 నవంబరు 21 నుంచి వేతనాల కోడ్ అమల్లోకి వచ్చింది. దాని ప్రకారం నెల జీతం మరుసటి నెల 7వ తేదీ లోపు ఇవ్వాలి. మానేసినా, తీసేసినా 2 పనిదినాల్లో లెక్క తేల్చాలి. పాత చట్టంలో ఉన్న 24,000 జీతం పరిమితి ఇందులో లేదు. ఉద్యోగి అన్న మాటకు అర్థం కూడా పాతదానికంటే విశాలంగా రాశారు. కాకపోతే అందులో టీచరు అన్న పదం విడిగా లేదు. కాబట్టి యాజమాన్యం లాయర్లు పాత 1988 వాదనే తెస్తారు. ఈ దారిలో ఫిర్యాదు ఇవ్వండి, కానీ ఇదొక్కదాన్నే నమ్ముకుని కూర్చోకండి.

"గవర్నమెంటు మాకివ్వలేదు, మేమెక్కడ ఇస్తాం?"

కాలేజీల్లో ఎక్కువగా వినిపించే మాట ఇదే. ఇది పూర్తిగా అబద్ధం కూడా కాదు. ఉమ్మడి రాష్ట్రంలో 2008 ప్రాంతంలో మొదలైన ఫీజు రీయింబర్స్‌మెంట్ మీదనే చాలా ప్రైవేట్ కాలేజీలు నడుస్తున్నాయి. ప్రభుత్వం నుంచి ఆ డబ్బు నెలల తరబడి, ఏళ్ళ తరబడి రాదు. 2025 నవంబరులో తెలంగాణలో కాలేజీల యాజమాన్యాలు ఆ బకాయిల కోసం కాలేజీలు మూసి బంద్ చేశాయి.

ఇక్కడే ఒక్క నిమిషం ఆలోచించండి. యాజమాన్యం తన బకాయి కోసం కాలేజీ మూసి అడగవచ్చు. లెక్చరరు తన బకాయి అడిగితే మాత్రం "కాలేజీ పరువు తీస్తున్నావు" అంటారు. మన పిల్ల చేతిలో ఉన్న అపాయింట్‌మెంట్ ఆర్డరు మీద సంతకం ప్రభుత్వానిది కాదు, కాలేజీ కార్యదర్శిది. ప్రభుత్వం నుంచి డబ్బు రాబట్టుకోవడం కాలేజీ పని. ఆ ఆలస్యం భారమంతా పాఠం చెప్పిన మనిషి మీద, చివరికి అంట్లు తోమే ఆమె తల్లి మీద పడటం న్యాయం కాదు.

మూడేళ్ళు: ఇది బాగా గుర్తుపెట్టుకోండి

మన కాలపరిమితి చట్టం ప్రకారం జీతం బకాయికి సివిల్ కోర్టులో దావా వేయడానికి గడువు 3 సంవత్సరాలు. ఆ గడువు ఉద్యోగం మానేసిన రోజు నుంచి కాదు, ఒక్కో నెల జీతం ఇవ్వాల్సిన రోజు నుంచి ఆ నెలకు విడిగా మొదలవుతుంది. 2023 జనవరి జీతం గడువు ముందు అయిపోతుంది, ఫిబ్రవరిది దాని తర్వాత. కూర్చున్న కొద్దీ ఒక్కో నెలా రాలిపోతుంది.

మీరు కువైట్‌లో ఉన్నారు కదా అని గడువు ఆగదు. పెళ్ళయి భర్త దగ్గరికి వచ్చిన లెక్చరరు అమ్మాయిలు మనలో చాలామంది ఉన్నారు. వాళ్ళకు ప్రత్యేకంగా చెప్తున్నాను. నాకు పోయింది ఇట్లాగే.

ఒక మంచి సంగతి కూడా ఉంది. గడువు లోపల కాలేజీ వాళ్ళు "మీకు ఇంత బాకీ ఉన్న మాట నిజమే, నిధులు రాగానే ఇస్తాం" అని రాసి సంతకం పెట్టిస్తే, ఆ రోజు నుంచి మళ్ళీ కొత్తగా 3 ఏళ్ళు లెక్కవుతుంది. అందుకే నోటిమాటలు వద్దు, ఫోన్లో హామీలు వద్దు. సంతకంతో ఉన్న కాగితం కావాలి.

ఏమేం దాచుకోవాలి

అక్క క్యాలెండరు లాంటిది మన పిల్లలకూ ఉండాలి. నేను లాయర్లను, ఈ దారిలో వెళ్ళిన పాత సహోద్యోగులను అడిగి రాసుకున్న జాబితా ఇది.

అపాయింట్‌మెంట్ ఆర్డరు, యూనివర్సిటీ ర్యాటిఫికేషన్ అయి ఉంటే ఆ ఆర్డరు. జీతం పడిన నెలల బ్యాంకు స్టేట్‌మెంటు, ఎందుకంటే జీతం ఎంతో చెప్పేది అదే. టైమ్‌టేబుల్, హాజరు రిజిస్టరు లేదా బయోమెట్రిక్ ఫొటో, ఇన్విజిలేషన్ డ్యూటీ, స్పాట్ వాల్యుయేషన్ ఆర్డర్లు. ఇవి ఆ నెలల్లో పనిచేసినట్టు సాక్ష్యం. పీఎఫ్ పాస్‌బుక్. జీతంలో పీఎఫ్ కోసి ఖాతాలో కట్టకపోతే అది వేరే నేరం, దానికి పీఎఫ్ ఆఫీసులో వేరే ఫిర్యాదు ఇవ్వాలి. జీతాల గురించి వచ్చిన వాట్సాప్ మెసేజీలు, ఈమెయిళ్ళు. ఫోన్ మార్చినప్పుడు వీటిని పోగొట్టుకోవద్దు.

కాగితాలు లేవా? కాలేజీ తన లెక్చరర్ల జాబితా యూనివర్సిటీకి ఇచ్చే ఉంటుంది. ఆర్టీఐ చట్టం కింద యూనివర్సిటీని అడగవచ్చు.

ఎక్కడికి పోవాలి

మొదటి మెట్టు ఉత్తరం. ప్రిన్సిపాల్‌కు, కార్యదర్శికి, నెల నెలా ఎంత రావాలో పట్టిక వేసి, ఫలానా తేదీ లోపు ఇవ్వమని మర్యాదగా రాయాలి. చేతికిస్తే అందినట్టు ముద్ర వేయించుకోవాలి. తీసుకోకపోతే స్పీడ్ పోస్టులో పంపి రసీదు దాచుకోవాలి. ఒక్కరు కాకుండా నలుగురైదుగురు కలిసి రాస్తే ధైర్యం.

రెండోది పై అధికారులు. ఆ కాలేజీకి గుర్తింపు ఇచ్చిన యూనివర్సిటీ రిజిస్ట్రార్, ఇంజనీరింగ్ అయితే ఏఐసీటీఈ, డిగ్రీ అయితే కళాశాల విద్యాశాఖ, జూనియర్ కాలేజీ అయితే ఇంటర్ బోర్డు. వాళ్ళు వెంటనే డబ్బు ఇప్పించకపోవచ్చు. కానీ అధికారి ఫిర్యాదు తీసుకుని ఊరుకుంటే, "ఆయన విధి ఆయన చేయడం లేదు" అని హైకోర్టుకు చెప్పడానికి ఆ కాగితం పనికొస్తుంది.

మూడోది లాయరు నోటీసు, తర్వాత దావా. ఇక్కడే చాలామంది ఖర్చుకు భయపడి ఆగిపోతారు. 1987 నాటి న్యాయసేవల చట్టం ప్రకారం ఆడవాళ్ళకు ఉచిత న్యాయసాయం పొందే హక్కు ఉంది. ఆదాయంతో సంబంధం లేదు. జిల్లా కోర్టులో ఉండే జిల్లా న్యాయసేవాధికార సంస్థకు వెళ్ళి దరఖాస్తు ఇస్తే లాయరును వాళ్ళే ఇస్తారు. ఫోన్ నంబరు 15100. కేసు వేయకముందే లోక్ అదాలత్‌లో రాజీకి కూడా పెట్టవచ్చు. అక్కడ ఒప్పుకుని సంతకం పెడితే అది కోర్టు డిక్రీతో సమానం. దాని మీద అప్పీలు ఉండదు కాబట్టి, ఎంతకు ఒప్పుకుంటున్నారో చూసుకుని సంతకం పెట్టాలి.

ఇక మీరే ఇక్కడ ఉండి, మీ జీతం అక్కడ ఆగి ఉంటే? అమ్మకో, నాన్నకో, అన్నకో పవర్ ఆఫ్ అటార్నీ ఇవ్వవచ్చు. ఇక్కడి మన ఎంబసీ ద్వారా అటెస్ట్ చేయించి పంపాలి. ఇండియాకు చేరిన 3 నెలల లోపు అక్కడ స్టాంపు సుంకం కట్టించాలి. ఈ రెండో పని మర్చిపోయి ఇబ్బంది పడినవాళ్ళున్నారు.

భయాల గురించి

"ఒరిజినల్ సర్టిఫికెట్లు కాలేజీలోనే ఉన్నాయి ఆంటీ, గొడవ పెట్టుకుంటే ఇవ్వరు." అక్క కూతురు నాతో చెప్పిన మొదటి మాట ఇది. మనకు ఈ కథ కొత్తదా? పాస్‌పోర్టు కఫీల్ బీరువాలో ఉంటే ఎట్లా ఉంటుందో మనకంటే ఎవరికి తెలుసు? ఆ సర్టిఫికెట్లు ఆ అమ్మాయి సొత్తు. వాటిని అట్టిపెట్టుకునే హక్కు యాజమాన్యానికి ఏ చట్టమూ ఇవ్వలేదు. జీతం ఉత్తరంలోనే సర్టిఫికెట్లు కూడా తిరిగి ఇమ్మని రాయాలి.

ఇంకో భయం, వేరే కాలేజీలో ఉద్యోగం రాదని. ఆ భయం నిజమే. యాజమాన్యాలు ఒకరికొకరు ఫోన్ చేసుకుంటారు. అందుకే ఒంటరిగా కాకుండా కలిసి అడగమంటున్నాను. మూడో భయం మనది, తల్లులది. "సంబంధాలు చూస్తున్నాం, ఇప్పుడు కోర్టు, కేసు అంటే ఎట్లా?" అని. జీతం రాని ఉద్యోగాన్ని జీతం ఉన్నట్టు పెళ్ళివాళ్ళకు చెప్పడం కంటే, నా కూతురు తన డబ్బు తాను అడిగి తెచ్చుకుంటోందని చెప్పడం మేలు కదా.

ఆ అమ్మాయి ఉత్తరం

రెండు శుక్రవారాలు కారులో కూర్చుని, ఫోన్లో ఆ అమ్మాయితో ఉత్తరం రాయించాం. నేను ఒక వాక్యం చెప్పడం, ఆమె సరిచేయడం. ఇంగ్లీషు ఆమెదే బాగుంది. ఇంకో నలుగురు లెక్చరర్లు, అందులో ముగ్గురు అమ్మాయిలు, సంతకం పెట్టారు. ఆఫీసులో తీసుకోలేదు. స్పీడ్ పోస్టులో పంపారు. ఇరవై రోజులకు కార్యదర్శి సంతకంతో జవాబు వచ్చింది: బకాయి ఉన్న మాట వాస్తవం, రీయింబర్స్‌మెంట్ రాగానే చెల్లిస్తాం అని.

డబ్బు ఇంకా రాలేదు. అబద్ధం ఎందుకు చెప్పాలి? కానీ బాకీ ఒప్పుకున్న సంతకం చేతికి వచ్చింది. ఇప్పుడు న్యాయసేవాధికార సంస్థలో దరఖాస్తు ఇచ్చి, ప్రీ లిటిగేషన్ లోక్ అదాలత్‌కు వెళ్తున్నారు. ఏమయిందో మళ్ళీ ఇక్కడే రాస్తాను.

అక్క మాత్రం కూతురితో ఒక మాట అంది. "పాపా, గోడకు క్యాలెండరు తగిలించుకో. వస్తే టిక్కు పెట్టు, రాకుంటే సున్న పెట్టు. నేను పంపే దుడ్లు అందులో రాయొద్దు. అది జీతం గాదు."

ఈ రోజు ఇంటికి ఫోన్ చేసినప్పుడు తిన్నావా, పడుకున్నావా అని అడిగాక ఇంకో మూడు మాటలు కూడా అడగండి. జీతం వచ్చిందా? ఎన్ని నెలలది రావాలి? కాగితం మీద అడిగావా?

పిల్లలు మనకు కష్టం కలగకూడదని చెప్పరు. మనమే అడగాలి.